రెండో గులకరాయి

"లెక్క రాకపోతే రాదని చెప్పొచ్చుగా! సిగ్గెందుకు?"

చెక్కుడమ్మాయి చెక్కపలకను తెచ్చి లెక్కలబ్బాయి బల్లమీద ధన్‌మని పెట్టింది. రాగిగిన్నెలో గులకరాళ్ళు గల్లుమన్నాయి. మూడు తరాలుగా ఊరి రోజుల్ని లెక్కపెడుతున్న వంశం వాడిది. వాడికి లెక్క రాదనడమంటే చేపకు ఈత రాదనడమే.

ఆ లోకం సంగతి ముందే చెప్పాలి, లేకపోతే మీరు నన్ను తిట్టుకుంటారు. అక్కడ ఆకాశంలో చందమామలు రెండు. పెద్దాయన తెల్లగా, నింపాదిగా నడుస్తాడు. చిన్నది ఎర్రగా, మూతి ముడుచుకుని పరుగులు తీస్తుంది. నాలుగువందల రోజులు ఎడమొహం పెడమొహంగా తిరిగి, ఆ మర్నాటి సాయంత్రం రాజీపడి కలుసుకుంటారు. అదే జంటపూట. దాంతో ఏడాది పూర్తి. ఏడాదికి పది నెలలు, నెలకు నలభై రోజులు. జంటపూట రోజు మాత్రం ఏ నెలలోనూ చేరదు. నెలల పేర్లు కూడా మనుషులు చేసే పనులే: విత్తే నెల, కప్పు నేసే నెల, అలా. తొమ్మిదోది అలిగే నెల. ఆ నెలలో ఎవరిమీద ఎవరు అలిగినా అడిగే దిక్కు లేదు. పదోది ఎదురుచూసే నెల.

రోజుల ఇల్లని ఊరికో ఆఫీసుంది. తెల్లవారగానే లెక్కలబ్బాయి గిన్నెలో ఒక రాయి వేస్తాడు. ఊరికి అదే తారీఖు. పక్క బల్ల దగ్గర చెక్కుడమ్మాయి వచ్చే ఏటి కాలెండరు అచ్చుకోసం రోజుకో గడి చెక్కుతుంది.

"అలిగే నెల మొదటి రోజున డ్యూటీలో చేరాను. ఒక్క రోజు లీవు పెట్టలేదు. నావి డెబ్బై ఎనిమిది గడులు. అప్పట్నించి మీ గిన్నెలో డెబ్బై తొమ్మిది రాళ్ళు. జంటపూట ఎల్లుండి కాదండీ, ఆవలెల్లుండి."

"మీరే ఓ రోజు కునుకు తీసుంటారు."

"మీ ఎదురుగా కూర్చుని కునుకా? రోజంతా నన్నే చూస్తుంటే ఎలా పడుతుంది?"

"నేను కిటికీలోంచి బయటికి చూస్తాను!"

"కిటికీ అటుందండీ."

లెక్కలబ్బాయి కిటికీ వైపు తిరిగాడు. తిరిగాక గుర్తొచ్చింది, ఏ రోజు తప్పిందో. గుండె గిన్నెకన్నా గట్టిగా గల్లుమంది.

అక్కడొక కట్టడి ఉంది. లెక్క తప్పితే ఏ రోజు తప్పిందో, ఎందుకు తప్పిందో ఊరందరి ముందూ చెప్పాలి. చెప్పకపోతే గిన్నె బోర్లిస్తారు. ఇక ఆ ఇంటికి గిన్నె దక్కదు. ఏ రోజో చెప్పడం సులువే. ఎందుకో చెప్పాలంటేనే వాడికి నోరు పెగల్లేదు. చందమామలే కాస్త ముందుగా రాకపోతాయా అని ఊరుకున్నాడు. ప్రేమలో పడ్డవాడి తెలివి అంతే ఉంటుంది.

ఎల్లుండి రానే వచ్చింది. పొద్దువాలే వేళకు ఊరంతా కొండెక్కింది. తూర్పున పెద్దాయన లేచాడు. చిన్నది ఇంకా మూరెడు దూరంలోనే ఉంది. ఎంతసేపు చూసినా దగ్గరికి రాలేదు.

"మూడు తరాల్లో లేని తప్పు! కొత్త పిల్ల వచ్చాకే ఇలా అయింది," అన్నాడు ఊరిపెద్ద. "గిన్నె ముట్టుకుని ఉంటుంది. రేపే పంపించేయండి."

చెక్కుడమ్మాయి తల దించుకోలేదు, పెదవి మాత్రం వణికింది. అది చూశాక లెక్కలబ్బాయి ఆగలేకపోయాడు.

"తప్పు నాది."

"ఏ రోజురా?" అన్నాడు వాడి తాత, కర్రమీద ఆనుకుని.

"అలిగే నెల మొదటి రోజు, తాతా."

"ఎందుకు?"

"అప్పుడే రాయి వేశాను. ఈవిడ గుమ్మంలో నిలబడి, రోజుల ఇల్లు ఇదేనాండీ అంది. జుట్టునిండా వానచుక్కలు. అవునని చెప్పాలి. మాట రాలేదు. ఏం చేయాలో తోచక ఇంకో రాయి వేశాను."

మొదట నవ్వింది తాతే.

"మూడు తరాల్లో తప్పలేదని ఎవడన్నాడర్రా? మీ నాయనమ్మ మొదటిసారి నన్ను చూసి నవ్విన రోజు నేను రాయి వేయడమే మరిచా. సాయంత్రం ఆవిడే వచ్చి వేయించింది!"

ఊరిపెద్ద మీసం చాటున నవ్వు దాచుకుని, "రేపు చందమామలు కలిస్తే గిన్నె మీదే," అన్నాడు.

కొండ దిగుతుంటే చెక్కుడమ్మాయి పలకలేదు.

"అలిగే నెల ఎప్పుడో అయిపోయిందండీ," అన్నాడు వాడు, భయంభయంగా.

"మీ పుణ్యమా అని ఈ రోజు ఏ నెలలోనూ లేదు. అలగొచ్చు."

"దేనికి?"

"ఎనభై రోజులు దాచారుగా, దానికి."

మర్నాడు మళ్ళీ అందరూ కొండెక్కారు. గిన్నె ఒళ్ళో పెట్టుకున్న వాడి పక్కనే ఆమె వచ్చి కూర్చుంది.

ఎర్రది మెల్లగా వచ్చి పెద్దాయన గుండెలమీద తల ఆనించింది. ఆకాశమంతా తేనెరంగు. కొండ, చెట్లు, ముసలివాళ్ళ ముడతలు, అన్నీ ఆ వెలుగులో ఇప్పుడే పుట్టినట్టున్నాయి. ఆ లోకంలో రెండు చందమామలుంటే మనిషికి రెండు నీడలు. ఆ ఘడియలో మాత్రం రెండూ కలిసి ఒక్కటయ్యాయి. నూటపది మంది, నూటపది నీడలు. ఏడుస్తున్న పసిపాప కూడా పైకి చూసి ఊరుకుంది. లెక్కలు పుట్టకముందు లోకం ఇలాగే ఉండేదేమో అనిపించింది వాడికి. ఎన్ని రాళ్ళు వేస్తే ఇది కొలతకందుతుంది?

"ఆ రెండో రాయి ఇటివ్వండి," అందామె గుసగుసగా.

"ఇన్నింట్లో అదేదో ఎలా తెలుస్తుంది?"

"ఏదైనా ఇవ్వండి. అది నాకోసం వేసిందే కదా."

వాడు ఒక రాయి తీసి ఆమె అరచేతిలో పెట్టాడు. ఆమె గుప్పిట మూసింది, వాడి వేళ్ళతో సహా. కిందికి చూస్తే వాళ్ళిద్దరికీ కలిపి ఒక్కటే నీడ.

అంటే ఆ సాయంత్రం కొండమీద నీడలు నూటతొమ్మిదే. తాత మూడుసార్లు లెక్కపెట్టి మరీ చెప్పాడు.