రేవు దగ్గర పిలిచిన పేరు

ఆబ్రా నది ఒడ్డున ఉండేవాళ్ళకి ఒక అలవాటుంది. సంతనుంచో, ఆసుపత్రినుంచో ఇంటికి బయల్దేరేటప్పుడు ఒకసారి వెనక్కి తిరిగి, తమ పేరూ తమతో వచ్చినవాళ్ళ పేర్లూ పెట్టి పిలుస్తారు. "రా, ఇక్కడ ఉండిపోకు" అంటారు. ఒళ్ళు నడక మొదలుపెట్టినా ప్రాణం చంటిపిల్లలా ఆ చోటనే ఆడుకుంటూ ఉండిపోతుందని వాళ్ళ భయం. ఏట్లో ఈత కొట్టిన పిల్లల్ని తల్లులు పిలిచేదీ ఈ మాటతోనే. అయితే ఈ మాట అనకూడని చోటు ఒకటుంది. అదెక్కడో కాసేపట్లో తెలుస్తుంది.

ఆ మధ్యాహ్నం యూఫ్రోసినా మునిసిపాలిటీ భవనం మేడమీది వసారాలో బల్లమీద కూర్చుంది. ఒళ్ళో అరిటాకులో చుట్టిన బియ్యప్పిండి రొట్టెలున్నాయి. బయట తుఫాను వాన. పగలే అయినా వసారా అంతా మసకగా ఉంది. ఇవాళ ఆఖరి విచారణ అని లాయరమ్మ చెప్పింది.

ఆ కేసు కథ విన్నవాళ్ళు ముందు నవ్వేవాళ్ళు. ఆమె భర్త పొలికార్పో యుద్ధకాలంలో కొండల్లో గెరిల్లా దళంతో కలిసి, దేశాన్ని ఆక్రమించిన జపాన్ వాళ్ళమీద పోరాడాడు. అలా పోరాడినవాళ్ళకి సైనికుల జీతం ఇస్తామని అమెరికా వాళ్ళు మాటిచ్చారు. యుద్ధం అయ్యాక పొలికార్పో అడగబోతే, ఆ పేరుగలవాడు రేవు దగ్గర కాల్పుల్లో చనిపోయాడు, నువ్వు దొంగపేరుతో వచ్చావు పో అన్నారు. సరే, చనిపోయాడుగా, తల్లినైన నాకివ్వండి అని వాళ్ళమ్మ వెళ్తే, నీ కొడుకు ఇంట్లోనే ఉన్నాడట కదా అని పంపించేశారు. సంతలో కల్లు తాగేవాళ్ళు ఆయన్ని చూసి, "ఏం కార్పో, ఇవాళ బతికున్నావా?" అని వేళాకోళమాడేవాళ్ళు. ఆయనా నవ్వి, "మధ్యాహ్నందాకా ఉంటానురా" అనేవాడు. ఇంటికొచ్చాక మాత్రం అన్నం ముట్టేవాడు కాదు.

పోయినేడు ఆయన కన్నుమూశాడు. ఇప్పుడు ఆమెకి డబ్బు మీద ఆశ లేదు. దొంగపేరు అన్న ఆ మాట కొట్టేయించాలి. సమాధి పలక మీద ఆయన పేరు సైనికుడిగా చెక్కించాలి. ఆ రోజుకోసమే పలకని ఖాళీగా ఉంచింది.

దళంలో మిగిలినవాడు క్రిస్పులో అనే అతనొక్కడే. పొలికార్పో ఊరివాడే, చిన్ననాటి స్నేహితుడే, కానీ యుద్ధం అయ్యాక వాళ్ళ గుమ్మం తొక్కలేదు. లోయలో ఎక్కడో ఉంటే లాయరమ్మ వెతికి పట్టుకొచ్చింది. అదే బల్లకి ఆ చివర కూర్చుని, తడిసిన టోపీని చేతుల్లో తిప్పుతున్నాడు.

ఉన్నట్టుండి కరెంటు పోయింది. లోపలి అధికారి కొవ్వొత్తులు తెమ్మని కేకేశాడు. లాయరమ్మ కిందికి పరిగెత్తింది. వసారాలో వాన చప్పుడు తప్ప ఏమీ మిగల్లేదు.

అప్పుడొచ్చింది ఆ వాసన. ఏటి బురద వాసన. పచ్చిగా, చల్లగా...

యూఫ్రోసినాకి అది కొత్త కాదు. యుద్ధం అయ్యాక పెళ్ళయిన నాటినుంచీ ఆయన ఒంటిమీద ఉండేది అదే. ఆయన తలగడ రోజూ తెల్లారేసరికి తడిసి ఉండేది. కొండల్లో పట్టుకున్న చలిజ్వరం చెమట అనుకుని, ప్రతి పొద్దునా ఎండలో వేసేది. ఆయన పోయినా తలగడ తడవడం మానలేదు. పైకప్పు కారుతోంది కాబోలు అనుకుంది. వానల్లేని నెలల్లోనూ అలాగే అనుకుంది.

ఆమె ఒక రొట్టె తీసి క్రిస్పులో వైపు జరిపింది. అతను ముట్టుకోలేదు.

"వదినా," అన్నాడు గుసగుసగా. "ఇంటికెళ్ళిపో. నాచేత చెప్పించకు."

"ఆయన మీతో ఉన్నాడని ఒక్క మాట చెప్పు, తమ్ముడూ. చాలు."

"ఉన్నాడు. అది చెప్తాను. ఎందాకా ఉన్నాడని అడుగుతారుగా..."

చీకట్లో అతని మొహం కనబడలేదు. గొంతొక్కటే వినబడింది. ఏరు పొంగి ఉంది, దాటుతుంటే అవతలి ఒడ్డునుంచి కాల్చారు అని చెప్పాడు. పొలికార్పోని ఒడ్డుకి లాగింది తనే. కళ్ళు మూసిందీ తనే. గొయ్యి తవ్వే వ్యవధి లేక రాళ్ళు పేర్చారు. చప్పుడు చెయ్యకుండా కదలమన్నాడు కెప్టెన్.

"అప్పుడు నేను పంతొమ్మిదేళ్ళవాణ్ణి, వదినా. మా ఊరి పిల్లాణ్ణి రాళ్ళకింద ఒక్కణ్ణే వదిలి రాలేకపోయాను. వెనక్కి తిరిగి... మామూలుగా సంతలో పిలిచినట్టే... 'కార్పో, రా, ఇక్కడ ఉండిపోకు' అన్నాను."

ఆమె చేతిలో అరిటాకు చిరిగింది.

అనకూడని చోటు అదే. చచ్చిపోయినవాళ్ళతో ఆ మాట అనరు. వెళ్ళు, వెనక్కి చూడకు అంటారు. ఆ కొండల్లో ఏ పిల్లాడికైనా తెలిసిన సంగతే. ఆ రోజు దుఃఖంలో అతను మర్చిపోయాడు.

"కొండెక్కేసరికి వరసలో ఆఖరున నడుస్తున్నాడు. ఒళ్ళంతా నీళ్ళు కారుతున్నాయి. ఎవరూ నోరెత్తలేదు. కెప్టెన్ మాత్రం, చచ్చాడని రాసింది కొట్టెయ్యను, అబద్ధం రాయలేను అన్నాడు."

ఆమె చిరిగిన అరిటాకు అంచులు దగ్గరికి లాగింది. తర్వాత అడిగింది. "మరి నాతో కాపురం చేసింది... జ్వరమొస్తే నాకు జావ కాచి పోసింది... ఎవరు?"

"వాడే, వదినా. నేను పిలిచింది వాణ్ణే కదా."

వాసన ఇంకొంచెం దగ్గరికొచ్చింది. పోయినేటి అంత్యక్రియలు ఆమెకి గుర్తొచ్చాయి. శ్మశానం గేటు దగ్గర తనని తాను పిలుచుకుంటూ, ఏళ్ళ తరబడి అలవాటున, ఆయన పేరు కూడా అనేసింది. నోరు జారిందని అప్పుడే తెలుసు. తెలిసీ వెనక్కి తీసుకోలేదు.

"పోనీ వాణ్ణి," అన్నాడు క్రిస్పులో. ఏడుస్తున్నాడు. "చాలా అలిసిపోయి ఉంటాడు. ఇవాళ వెళ్ళేటప్పుడు పిలవకు. నాలాగా నువ్వు కూడా పిలవకు."

కొవ్వొత్తులొచ్చాయి. లోపలికి పిలిచారు. పొలికార్పో మీ దళంలో ఎందాకా ఉన్నాడని అధికారి అడిగాడు. క్రిస్పులో ఆమెవైపు చూశాడు. ఆమె తల దించుకుంది.

"చివరిదాకా ఉన్నాడు సార్," అన్నాడు ముసలాయన. "ఇంటిదాకా వచ్చాడు."

అధికారి రాసుకున్నాడు. దొంగపేరన్న ఆ మాట కొట్టేస్తున్నాం, పలక చెక్కించుకోండమ్మా అన్నాడు. లాయరమ్మ ఆమె భుజాలు పట్టుకుని ఊపేసింది. ఇన్నాళ్ళు ఎదురుచూసిన సంతోషం ఎక్కడుందో యూఫ్రోసినాకి దొరకలేదు.

క్రిస్పులో జీప్నీ బండి ఆపడానికి ముందుగా దిగిపోయాడు. లాయరమ్మ సంతకాలకోసం లోపలే ఉంది. మెట్ల పైన ఆమె ఒక్కతే నిలబడింది. వెనక వసారాలో ఎక్కడో నీటిచుక్కలు పడుతున్నాయి. టప్... టప్... ఆగుతున్నాయి. మళ్ళీ దగ్గరగా...

పిలిస్తే వస్తాడు. ఆమెకి తెలుసు. పెదవులదాకా వచ్చిన పేరుని పళ్ళతో నొక్కి పట్టింది. తన పేరు కూడా పిలుచుకోలేదు. ఆయన్ని వదిలి తననొక్కదాన్నే పిలుచుకోవడానికి మనసు రాలేదు.

"వెళ్ళు," అంది మెల్లగా. "వెనక్కి చూడకు."

కన్నీళ్ళతో మెట్టు సరిగా కనబడలేదు. పాచిమీద కాలు జారింది. తల దేనికో తగిలినట్టయింది. ఒక్క క్షణం అంతా నల్లగా...

పైనుంచి గొంతు. సంతలో ఎవరితోనో కబుర్లలో పడి ఆమె ఆగిపోతే, ఆయన ఎప్పుడూ ముద్దుగా పిలిచే గొంతు.

"ఫ్రోసీ... రా. ఇక్కడ ఉండిపోకు."

ఆమె లేచింది. నొప్పేమీ లేదు. వానలో నడిచి ఇల్లు చేరింది. క్రిస్పులో ఎక్కడా కనబడలేదు.

తెల్లారింది. ముందుగా ఆయన తలగడ తడిమి చూసింది. పొడిగా ఉంది. పెళ్ళయ్యాక మొదటిసారి, ఎండుటాకంత పొడిగా. వెళ్ళిపోయాడు పాపం, అనుకుంది. దాన్ని గుండెలకి హత్తుకుని చాలాసేపు ఏడ్చింది.

తర్వాత పక్క సర్దడానికి తన తలగడ ఎత్తింది.

బరువుగా ఉంది. అంచులనుంచి నీళ్ళు కారుతున్నాయి.