గోరు మీద నిలిచిన నీటిబొట్టు

“చేతులు చాపు!” అంది అత్తగారు.

ఆ ఇంట్లో అది రోజూ వినపడే మాటే. తరతరాలుగా నూలుకు రంగులద్దే ఇల్లు అది. పొద్దువాలి రంగు బానల మీద మూతలు పడ్డాక, కంచాలు పెట్టే ముందు, అందరూ వరసగా నిలబడి పెద్దావిడకు చేతులు చూపించాలి. గోళ్ళలో రంగు ఉంటే పనిచేసినట్టు! లేకపోతే ఆ రోజంతా గోళ్ళు గిల్లుకుంటూ కూర్చున్నట్టు! “గోట్లో రంగు లేనివాళ్ళకి కంచంలో మెతుకు లేదు” అనేది ఆవిడ అత్తగారు. ఆ అత్తగారు పోయింది గానీ ఆవిడ మాట పోలేదు. కొడుకులిద్దరూ ఎర్రరంగు బాన దగ్గర, కోడళ్ళిద్దరూ నీలం బాన దగ్గర. పెళ్ళయిన కొత్తలో పెద్దకోడలికి ఇదంతా నవ్వులాటగా ఉండేది. “మీ అమ్మగారు చేతులు చూసి జాతకం కూడా చెబుతారా ఏమిటండీ?” అని భర్తను ఆటపట్టించేది కూడా! కానీ ఈవేళ ఆమె చాపిన చేతుల్ని దీపం వెలుగుకు కాస్త పక్కగా పట్టుకుంది.

అత్తగారు కళ్ళజోడు సర్దుకుని వంగి చూసింది. మళ్ళీ చూసింది. గోళ్ళన్నీ ముదురు నీలంగానే ఉన్నాయి. కానీ గోరు చుట్టూ ఉన్న చర్మం మాత్రం శుభ్రంగా, పాలిపోయి ఉంది! బానలో చెయ్యి ముంచినవాళ్ళకి గోరు పక్కనుండే మడతలే ముందుగా రంగు పట్టుకుంటాయి. కాపరానికి వచ్చిన నాటి నుంచీ బానల దగ్గరే బతుకు గడిపిన మనిషికి ఆ సంగతి ఇంకొకరు చెప్పాలా?

“పూసుకున్నావా?” అంది నెమ్మదిగా.

“అత్తయ్యా... అదీ...”

“గోళ్ళకి రంగు పూసుకొచ్చి, పనిచేసినదానిలా నా ముందు నిలబడతావా! పిల్లి కళ్ళు మూసుకుని పాలు తాగుతూ ఎవరూ చూడట్లేదు అనుకుందిట! ఎన్నాళ్ళ నుంచే ఈ నాటకం?”

దొంగకు తేలు కుట్టినట్టయింది పెద్దకోడలికి. ఏమని చెప్పగలదు? వానలు మొదలైనప్పటి నుంచీ ఆమె ఒళ్ళు ఆమె మాట వినడం మానేసింది. బాన మీదికి వంగితే కళ్ళు బైర్లు కమ్మేవి. ఒకసారైతే తలకిందులుగా అందులోనే పడబోయింది! తోటికోడలు చటుక్కున జబ్బ పట్టుకుని లాగింది కాబట్టి సరిపోయింది. “అక్కా, ఇకమీదట ముంచడం నేను చూసుకుంటాను. నువ్వు తడినూలు దండేల మీద ఆరెయ్యి, చిక్కులు విప్పు. పని పనే కదా!” అంది ఆ చిన్నపిల్ల. నిజమే, పని పనే. బరువైన తడి నూలుకట్టలు భుజాన వేసుకుని, ప్రతి నాలుగు అడుగులకీ గోడ పట్టుకుని ఆయాసం తీర్చుకుంటూ, రోజంతా ఆరేసేది. ఒక్క పూట కూడా నడుం వాల్చలేదు! కానీ మిగులు రంగు పోయేలా జాడించిన నూలు ఆరేస్తే గోళ్ళలో రంగు దిగదే! అందుకని సాయంత్రం కాగానే అగ్గిపుల్లకు దూది చుట్టి, నీలం బానలో అద్ది, గోళ్ళకి పూసుకునేది. చేసిన పనికే దొంగసాక్ష్యం తెచ్చుకోవలసి వచ్చింది పాపం!

ఇక నెలనెలా ఆమె పడే బాధ ఎవరికీ తెలియదు. నెలసరి వచ్చిందంటే ఆగేది కాదు. గుడ్డలు మార్చలేక, మరకలు దాచలేక చచ్చేంత పనయ్యేది. ‘ఆడదానికి ఇవన్నీ ఉండేవేగా, చెప్పుకుంటే ఏమనుకుంటారో’ అని కడుపులోనే దాచుకుంది.

“ఒరేయ్ పెద్దోడా!” అత్తగారి గొంతు పెరటి గోడలు దాటింది. “వాళ్ళన్నయ్యకి ఫోన్ చెయ్యి! వచ్చి చెల్లెల్ని తీసుకెళ్ళమను. పని చేయలేనని నోరు తెరిచి చెబితే కూర్చోబెట్టి తిండి పెడతాను. నాకు ఆ ధర్మం తెలుసు! కానీ మోసం చేసేదాన్ని నా గడప లోపల ఉంచుకోను!”

పెద్దకోడలు భర్త వైపు చూసింది. ఒక్క మాట... ఒక్కటంటే ఒక్క మాట అంటాడేమోనని! బయట పదిమందిలో పులిలా మాట్లాడే మనిషే. తల్లి ముందు మాత్రం పిల్లి. తలొంచుకుని ఫోన్ తీసుకుని వీధి వైపు నడిచాడు. “బావగారూ... సెలవు రోజున ఒకసారి రాగలరా... అబ్బే, వచ్చాక మాట్లాడుకుందాం...” అని నసుగుతున్న గొంతు వినిపిస్తూనే ఉంది. ఇద్దరు పిల్లల్ని కని, ఇన్నేళ్ళు ఈ ఇంటికి చాకిరీ చేసి, చివరికి ‘మోసగత్తె’ అనే పేరు మూటగట్టుకుని పుట్టింటికి వెళ్ళాలా? వదినగారి ముందు ఏ మొహంతో నిలబడాలి?

అత్తగారి కోపం అక్కడితో ఆగలేదు. సబ్బుముక్క, నిమ్మచెక్క, చెంబుతో నీళ్ళు తెచ్చి కోడల్ని గట్టు మీద కూలేసింది. “రండి, అందరూ వచ్చి చూడండి! పూసిన రంగుకీ పట్టిన రంగుకీ తేడా చూడండి!” అంటూ ఆమె వేళ్ళు పట్టుకుని రుద్దసాగింది. పైపై రంగు కదా, నాలుగు రుద్దులకే నీలంగా కారిపోయింది. కడిగిన వేళ్ళను కొడుకులకు చూపించబోయి, ఎందుకో ఆగిపోయింది ఆవిడ.

గోరులో ఎరుపన్నది లేదు! కాగితంలా తెల్లబడి ఉంది. అంచులు పొరలుపొరలుగా చిట్లి ఉన్నాయి. నున్నగా, గుండ్రంగా ఉండాల్సిన గోరు మధ్యలో గుంటపడి, చెంచాలాగా పైకి లేచి ఉంది! చెంబులోంచి పడిన నీటిబొట్టు ఒకటి బొటనవేలి గోటిలో జారకుండా అలాగే నిలబడిపోయింది.

అత్తగారు మూతి తిప్పుకుంది. “ఓస్, ఇదా! రంగు తిన్న గోరు! ఈ ఇంట్లో ఆడవాళ్ళందరికీ ఇంతే. దీని ఈడులో నాకూ ఇలాగే ఉండేవి. మా అత్తగారికీ ఉండేవి. రంగు గోరు తినేస్తుంది... అంతమాత్రాన మేమూ దొంగవేషాలు వేశామా?”

అంతవరకూ గుమ్మం చాటున నిలబడ్డ చిన్నకోడలు ముందుకొచ్చింది. నోట్లో నాలుక లేని పిల్లని పేరు! ఆవేళ ఎక్కడి నుంచి వచ్చిందో ఆ ధైర్యం...

“అత్తయ్యా! అక్క బానలో చెయ్యి పెట్టలేదనేగా మీ కోపం? వానలు మొదలైన దగ్గర్నుంచీ పెట్టలేదు, నిజమే. ఆ ముంచుడంతా నేనే చేస్తున్నాను. మరి చెయ్యే పెట్టనిదాని గోరుని రంగు ఎలా తింటుంది? తింటే నా గోళ్ళు తినాలి కదా! ఇవిగో, చూడండి!”

నీలంగా, గట్టిగా, నిండుగా ఉన్నాయి ఆ పిల్ల గోళ్ళు! అత్తగారు ఇద్దరి వేళ్ళనూ పక్కపక్కన పెట్టి చూసింది. అప్పుడే గట్టు మీద కూర్చున్న పెద్దకోడలు పక్కకి ఒరిగిపోయింది. “అక్కా!” అన్న కేక ఒక్కటే ఆమెకు వినిపించింది.

ఆసుపత్రిలో డాక్టరమ్మ ముందుగా కనురెప్ప కిందికి లాగి చూసింది, నాలుక చూసింది, వేళ్ళు ఒక్కొక్కటే పట్టుకుని గోళ్ళు చూసింది. “రక్తం బాగా తక్కువైనట్టుంది. ఒంట్లో ఇనుము తగ్గిపోతే కొందరికి గోళ్ళు ఇలా గుంటలు పడతాయి. అయితే గోరు ఒక్కటీ చూసి తేల్చేయకూడదు. రక్తపరీక్ష చేద్దాం” అంది.

“రంగుల ఇల్లమ్మా మాది” అంది వెంట వచ్చిన అత్తగారు. గొంతులో ఇంకా కాస్త బెట్టు మిగిలే ఉంది. “రంగు తినేస్తుంది గోళ్ళని.”

“రంగుల వల్ల కూడా గోళ్ళు పాడవుతాయి, కాదనను. ఏం బాబూ, నీది కూడా అదే పనా? చేతులు చూపించు.”

భర్త చేతులు చాపాడు. ఎర్రరంగు దిగిన గోళ్ళు. కానీ ఒక్కటీ గుంటపడలేదు. పక్కనున్న భార్య తెల్లటి గోళ్ళ వైపు చూసి, అతను చేతులు గబుక్కున వెనక్కి తీసుకున్నాడు.

“మీ ఇంట్లో రంగు ఆడవాళ్ళ గోళ్ళే తింటుందా పెద్దమ్మా? మగవాళ్ళవి దానికి రుచించవా?” అంది డాక్టరమ్మ. వెక్కిరింపు కాదు, మెత్తగానే అంది. “మీక్కూడా వయసులో ఇలాగే ఉండేవన్నారట, ఇందాక మీ అబ్బాయి చెప్పాడు. అప్పుడు ఆయాసం వచ్చేదా? కళ్ళు తిరిగేవా? నెలసరి ఎక్కువగా అయ్యేదా?”

అత్తగారు కళ్ళజోడు తీసి కొంగుతో తుడిచింది. పెట్టుకుంది. మళ్ళీ తీసింది.

“మెట్లెక్కలేకపోయేదాన్ని...” అంది చివరికి, ఎవరితోనో కాదు, తనతో తానే చెప్పుకున్నట్టు. “బాన పక్కనే కూలబడితే మా అత్త ‘మొద్దు’ అనేది. అందరి ముందూ అనేది. ఆ మాట పడలేక లేచి మళ్ళీ ముంచేదాన్ని. అందరి భోజనాలూ అయ్యాక గిన్నెలో ఎంత మిగిలితే అంతే నా తిండి. ఎప్పుడో నా కాన్పులు ఆగి, నెలసరి ఆగాక గానీ ఒంట్లోకి ఓపిక రాలేదు. నేను బద్ధకస్తురాలిననే అనుకున్నానమ్మా డాక్టరమ్మా... ఇన్నేళ్ళూ అలాగే అనుకున్నాను... అది జబ్బని నాకెవరూ చెప్పలేదే!”

రాతిగుండె అని అందరూ చెప్పుకునే ఆ మనిషి నోటికి కొంగు అడ్డం పెట్టుకుని వెక్కివెక్కి ఏడ్చింది. మంచం మీది నుంచి చూస్తున్న పెద్దకోడలికి తన బాధ కాసేపు గుర్తే రాలేదు. ఈ తల్లికి కూడా ఒకనాడు కళ్ళు తిరిగాయా? పట్టుకుని ఆపడానికి ఒక తోటికోడలైనా లేకపోయిందా?

పరీక్షలో రక్తం ఎంత తక్కువుందో చూసి డాక్టరమ్మే నిట్టూర్చింది. ఇంకా ఆలస్యం చేస్తే గుండె మీదికి వచ్చేదంది. రక్తం ఎక్కించారు. నెలసరి అంత ఎక్కువగా కావడానికి కారణమేమిటో తేల్చి దానికీ మందులిచ్చారు. “గోరు మెల్లగా పెరుగుతుంది. పాత గోరు పోయి మంచి గోరు రావడానికి నెలలు పడుతుంది. తొందరపడకండి. వేళకి తిండి, విశ్రాంతి, మందులు!” అని మరీమరీ చెప్పింది.

భర్త మంచం పక్కన బల్ల మీద కూర్చున్నాడు. సర్దిన దుప్పటినే మళ్ళీ మళ్ళీ సర్దుతున్నాడు.

“ఒక మాట చెప్పండి” అందామె నీరసంగా. “మీరు నా చెయ్యి పట్టుకుని ఎన్నాళ్ళయింది?”

అతనికి గుర్తు రాలేదు. ఆ గుర్తు రాకపోవడమే అతని మొహం మీద కనపడింది. “నన్ను తిట్టవే...” అన్నాడు. “అమ్మ అన్న మాటకి కాదు. నేను అనని మాటకి తిట్టు.”

“తిట్టడానికి కూడా ఓపిక ఉండాలిగా! కాస్త రక్తం పట్టనివ్వండి, అప్పుడు చూద్దురుగాని” అందామె. ఇద్దరి కళ్ళలోనూ నీళ్ళు... ఆ నీళ్ళలోంచే చిన్న నవ్వు! అతను ఆ పెళుసుబారిన వేళ్ళను రెండు చేతులతోనూ జాగ్రత్తగా పట్టుకుని చాలాసేపు అలాగే కూర్చున్నాడు.

ఇంటికి తీసుకొచ్చిన రోజే ఆమె అన్నయ్య రావలసిన రోజు కూడా. రెండోసారి ఫోన్ చేసి ఏమని చెప్పాలో తెలియక భర్త ఊరుకున్నాడు. ఆ సంగతి ఆమెకు తెలుసు. ఆసుపత్రిలో ఏడ్చిన ఏడుపు వేరు, సొంత గుమ్మంలో పరాయి మనిషి ముందు తప్పు ఒప్పుకోవడం వేరు. అత్తగారు అంత పని చేస్తుందా? లేక ‘ఎలాగూ పిలిపించాం కదా, పైగా వాళ్ళింట్లో అయితే విశ్రాంతి దొరుకుతుంది’ అని మర్యాదగానే సాగనంపుతుందా? గడప దాటి లోపలికి అడుగుపెడుతుంటే, ఇది తన ఇల్లో కాదో ఆమెకు తెలియలేదు.

అత్తగారు ఆమెను తన గదిలోకి, గాలి బాగా వచ్చే తన సొంత మంచం మీదికి తీసుకెళ్ళింది. భోజనం తెచ్చి, పక్కనే కూర్చుని, చివరి మెతుకు వరకూ తినిపించింది. కంచం తీసి పక్కన పెట్టి అడిగింది.

“నీకేం కావాలే అమ్మాయ్?”

ఇన్నేళ్ళ కాపురంలో ఆ ఇంట్లో ఎవరూ ఆమెను ఆ మాట అడగలేదు! ఏం కావాలి? ఎన్ని సమాధానాలు దాచుకుందో ఇన్నాళ్ళూ... కానీ తీరా అడిగేసరికి ఒక్కటే మిగిలింది.

“నిద్రపోవాలని ఉంది అత్తయ్యా...” అంది చిన్నపిల్లలా. “ఎవరూ లేపకుండా... నేను లేచేదాకా.”

“పడుకో” అంది అత్తగారు. కిటికీ తెర లాగి, తలుపు ఓరగా వేసి, గడప ముందు పీట వేసుకుని కూర్చుంది.

మిట్టమధ్యాహ్నం! బానల మూతలు తీసి ఉన్న వేళ, ఆ ఇంట్లో ఏ ఆడమనిషీ నడుం వాల్చి ఎరుగని వేళ. పెరట్లోంచి కొడుకు ఏదో కేక వేస్తే పెద్దావిడ చెయ్యి ఊపి నోరు మూయించింది. వీధిలో ఆడుకుని వచ్చిన పిల్లల్ని మునివేళ్ళ మీద నడుస్తూ చిన్నకోడలు లాక్కుపోయింది. పెద్దకోడలి రెప్పలు బరువెక్కుతున్నాయి...

వీధి గుమ్మంలో చెప్పుల చప్పుడు. “ఏమైందండీ? ఉన్నపళంగా రమ్మన్నారు... మా చెల్లెలేదీ?” అన్నయ్య గొంతు! గాభరాగా, గట్టిగా...

ఆమె లేవబోయింది. ఒళ్ళు లేవలేదు. ఇప్పుడు... ఇప్పుడు ఏమంటుంది అత్తగారు?

“మెల్లగా నాయనా, మెల్లగా!” గడప అవతల గుసగుసగా వినిపించింది ఆ గొంతు. “రమ్మన్నది నేనే. నీ చెల్లెలి మీద నింద వేసి పిలిపించాను. తప్పు దానిది కాదు, నాది. తిట్టాలనుకుంటే బయటికి పద, ఎంతసేపు తిట్టినా పడతాను. ఇక్కడ మాత్రం గట్టిగా మాట్లాడకు... నా కోడలు నిద్రపోతోంది.”