ఎర్రదీపం ఆరాక

"సబ్బులమ్ముకునే పెట్టె ముందు నటనేమిటండీ, నా ఖర్మ కాకపోతే!"

టీవీ నాటకం మొదటి రిహార్సల్లోనే స్టేజీ నటి ఇర్మా అన్న మాట అది. అన్నది మరెవరితోనో కాదు, కెమెరామన్ వెర్నన్‌తోనే.

"మరెందుకొచ్చారు?"

"బ్రాడ్‌వే థియేటర్లో మా నాటకం మూతపడింది కాబట్టి. ఈ ప్రసారం అయిన మర్నాడే, సోమవారం, మా ట్రూపు చికాగో వెళ్తోంది. నేనూ పోతాను."

వెర్నన్‌కు కోపం రావాలి. దిగులేసింది.

"ఎవరూ దాచిపెట్టరు, ప్రసారం కాగానే ఆవిరైపోతుంది. ఇదేం కళ?" అంది మళ్ళీ.

"మీ స్టేజీ నాటకం మాత్రం మర్నాటికి మిగులుతుందా?"

ఇర్మా మూతి ముడుచుకుంది. కానీ సీన్ మొదలవగానే హాలు దద్దరిల్లేలా గొంతెత్తింది.

"అరవకండి. ఇక్కడ చివరి వరుస లేదు. మూడడుగుల్లో నేనున్నాను" అన్నాడు వెర్నన్.

ఈసారి గుసగుసగా అంది. తన గొంతుకు తనే ఉలిక్కిపడింది.

అది వీడ్కోలు సీను. ప్రయాణపు పెట్టె పట్టుకుని గుమ్మంలో నిలబడి, "ఉండిపొమ్మని ఒక్క మాట అను, ఉండిపోతాను" అనాలి. ఎదుట హీరో ఉండడు. లైవ్ నాటకం కదా, తర్వాతి సీనుకు ముసలివేషం వేసుకోవడానికి అప్పటికే పరుగెత్తి ఉంటాడు. కాబట్టి ఆ మాట కెమెరా పక్కనున్న వెర్నన్ మొహంలోకి చూసి అనేది. వారమంతా విన్నాడతను. విన్న ప్రతిసారీ ప్రాణం లేచొచ్చేది, ఆ మాట తనకు కాదని గుర్తొచ్చి ఉసూరుమనేది.

"నిజంగా నాతోనే అంటున్నట్టుంది" అన్నాడు ఒకరోజు ఉండబట్టలేక.

"కెమెరా మీద ఎర్రదీపం వెలిగినంతసేపే. ఆరిందా, మీరెవరో నేనెవరో!" అని నవ్వేసింది.

ఆదివారం ప్రసారం. గుమ్మంలో ఇర్మా. ఆ గుసగుస న్యూయార్క్‌లో ఎన్ని ఇళ్ళలో వినబడిందో గానీ, వెర్నన్ మాత్రం కెమెరా పిడిని గట్టిగా పట్టుకున్నాడు. ఎర్రదీపం ఆరింది. చూసేవాళ్ళంతా ఇప్పుడు పక్క సెట్లో ముసలి హీరోని చూస్తోంది. మైకు కూడా అటే జరిగిపోయింది.

ఇర్మా కదల్లేదు. కళ్ళు తిప్పుకోలేదు.

"ఒక్క మాట అను" అంది పెదవులు కదిపీ కదపకుండా. నాటకంలో ఆ మాట రెండోసారి లేదు.

"రెండో కెమెరా, కదులు!" హెడ్‌ఫోన్లో డైరెక్టర్ కేక.

"ఉండిపో" అన్నాడు వెర్నన్.

"నేనెక్కడికి పోతాన్రా! ముందు కెమెరా జరుపు!" తనతో అన్నాడనుకుని హెడ్‌ఫోన్లో మళ్ళీ అరిచాడు డైరెక్టర్.

వెర్నన్ కెమెరా తోసుకుంటూ పరుగెత్తాడు. మలుపు దగ్గర ఒక్కసారి వెనక్కి చూశాడు.

ఇర్మా చేతిలోని పెట్టె కింద పెట్టేసింది.