కట్లు విప్పిన మధ్యాహ్నం

ఆస్పత్రిలో నన్ను ముసలాళ్ల డాక్టరంటారు. నా రోగుల్ని చూసి ఆ పేరు పెట్టారో, నా మోకాళ్లను చూసి పెట్టారో అడిగే ధైర్యం చేయలేదు. రెండేళ్లుగా పాచిపళ్ల దాసుడిలా పాడిందే పాడుతున్నాను: పడిపోతారని, గొట్టాలు పీకేసుకుంటారని పెద్దవాళ్ల చేతుల్ని మంచాలకు గుడ్డపట్టీలతో కట్టొద్దని. విసుగెత్తిన సూపరింటెండెంటు చివరికి ఒక మధ్యాహ్నం ఇచ్చాడు. రెండు నుంచి ఆరు దాకా ఎవర్నీ కట్టక్కర్లేదు. ఎవరూ పడకపోతే కట్లు ఎత్తేస్తానన్నాడు. ఒక్కరు పడినా నేను మళ్లీ ఆ ఊసెత్తకూడదు.

పదిమంది పట్టీలూ విప్పి కోటు జేబులో కుక్కుకున్నాను. "విప్పడం తేలికే డాక్టరుగారూ, పడ్డాక ఎత్తేది మా నడుములు" అనేసి పెద్ద నర్సు పక్క వార్డుకి వెళ్లింది.

తొమ్మిదో పడక ఖాళీ. పోయిన నెల అక్కడే ఒక టీచరమ్మ పోయింది, చేతులు కట్టి ఉండగానే. కట్టమని సంతకం పెట్టింది ఈ ఉపన్యాసకుడే. వరసగా మూడో డ్యూటీలో ఉన్నానప్పుడు. ఆవిడ నీళ్లడిగితే, "మీ మంచికేనమ్మా, ఇప్పుడే వస్తా" అన్నాను. వెళ్లలేదు.

బయట ముసురు. కరెంటు పోయింది. స్పిరిటు వాసన, తడిగుడ్డ వాసన. అందరూ నిద్రపోయారు. కుర్చీలో కూలబడ్డాను. నాకూ కన్ను మూతపడిందేమో.

టక్... టక్...

గ్లాసుతో మంచం కడ్డీని కొడుతున్న చప్పుడు. తొమ్మిదో పడక వైపు నుంచే.

లేవబోయాను. చేతులు కదల్లేదు. రెండు మణికట్లూ కుర్చీకి... పట్టీలతో. గుంజేకొద్దీ బిగుస్తున్నాయి. నాలుక పిడచకట్టుకుపోయింది.

"నీళ్లు..." అన్నాను. అది నా గొంతు కాదు. ఎవరో ముసలాయనది.

చెవి పక్కన చల్లటి ఊపిరి.

"నీ మంచికే నాయనా. ఇప్పుడే వస్తా."

అడుగుల చప్పుడు మెల్లగా దూరమైంది.

లైటు వెలిగేసరికి ఆరు. కాపలా కాసేవారు గురక మాత్రం బాగా పెట్టారని పెద్ద నర్సు దెప్పింది. ఎవరూ పడలేదు. నా చేతులకు ఏ కట్లూ లేవు. సూపరింటెండెంటు మాట నిలబెట్టుకుని, కట్లు ఎత్తేస్తూ ఆర్డరు రాశాడు. గెలిచాను. సంతోషించే ఓపిక మాత్రం లేదు.

ఇంటికొచ్చి, పట్టీలు పారేద్దామని జేబులోంచి తీశాను. వాటి మధ్య మడతపెట్టిన కాగితం. చేతులు కట్టమని మేం రాసే ఫారం. రోగి పేరు నాది. వయసు ఎనభై ఒకటి. నాకింకా యాభై ఎనిమిదే. పడక తొమ్మిది. సంతకం ఏ డాక్టరుదో, మా అందరి రాతలాగే కోడి గెలికినట్టుంది. కారణం గడిలో మాత్రం గుండ్రటి, టీచర్ల అక్షరాలు:

"మాటిమాటికీ నీళ్లడుగుతున్నాడు."