ఏడో నడవలో వంపు

2081 నాటి గుంటూరులో గోదాముకు స్థిరమైన పటమంటూ ఉండేది కాదు. మిర్చి నిలవచేసే అరలు చక్రాలపై తమంతట తామే కదిలేవి. నేలలో అమర్చిన స్పర్శగ్రాహకాలు, అంటే సెన్సర్లు, పనివాళ్ల అడుగులను పసిగట్టేవి. 'నడకశిల్పి' అనే యంత్రం ఆ అడుగులను చదివి, మనుషులు ఎటు నడిస్తే అటు దారి తీర్చేది. వ్యర్థమైన అడుగు ఒక్కటీ మిగలకూడదన్నది దాన్ని రూపొందించిన వకుళ సంకల్పం.

అయినా ఏడో నడవలో, ఉత్త నేల చుట్టూ, అరలు వంపు తిరిగి నిలిచాయి.

"అక్కడేముంది?" అని వకుళ యంత్రాన్ని అడిగింది.

"స్తంభం. అందరూ చుట్టి వెళ్తున్నారు."

అక్కడ స్తంభం లేదు. మిర్చి గంపలు మోసే కోటమ్మను అడిగితే, ఆమె తలగుడ్డ విప్పి ముఖం తుడుచుకుంది.

"మా రూతమ్మను అర నొక్కేసింది ఆడనే గదమ్మా. పడుకున్న మనిషిని దాటుకుంటా పోతామా? మీ మిషన్‌కున్న మర్యాద మేనేజరుగారికి లేకపాయె."

ఆ మరణాన్ని గురించి వకుళకు పైనుంచి అందింది ఒకే మాట: ప్రమాదం. శవాన్ని పక్కకు జరిపించి, షిఫ్టు ఆగకుండా చూసుకున్నవాడు మేనేజరు పురంధర్.

"ఆ వంపు తీసేయండి మేడం," అన్నాడతను.

"నడక మారనిదే దారి మారదు."

"అయితే నడిచేవాళ్లనే మారుద్దాం. దయ్యాలకు జాగా ఇవ్వడానికి ఇదేమన్నా సత్రమా?"

వకుళ అభ్యంతరాన్ని ఎవరూ లెక్కచేయలేదు. పాత పనివాళ్లందరినీ పనిలోంచి తీసేశారు. గేటు దగ్గర కోటమ్మ ఆమె చేయి పట్టుకుంది. "పోతన్నామమ్మా. ఇంక దాన్ని అందరూ తొక్కుతారు. కాస్త చూస్తా ఉండండి."

పొరుగు జిల్లానుంచి వచ్చిన కొత్త ఆడవాళ్లకు రూతమ్మ ఎవరో తెలియదు. వాళ్లు తిన్నగా నడిచారు. వంపు తగ్గింది. కానీ పోలేదు.

"ఇంకా స్తంభమేంటి?" పురంధర్ నడవలో నిలబడి యంత్రం మీద అరిచాడు.

"ఒక్కరు చుట్టి వెళ్తున్నారు."

"ఎవరది? ఇప్పుడే పంపించేస్తా."

"మీరు."

పురంధర్ కిందికి చూశాడు. వకుళా చూసింది. అతని బూట్లు ఆ ఉత్త నేల అంచున ఆగి ఉన్నాయి.

"కోటమ్మవాళ్లను వెనక్కి పిలుద్దామా?" అని ఆమె అడిగింది.

అతను వెనుదిరిగి బయటికి నడిచాడు. మర్నాటినుంచి గోదాములో అడుగు పెట్టడమే మానేశాడు. పైగదిలో తెరమీద చూస్తూ పని నడిపించాడు.

వారం తిరగకుండానే అరలు దగ్గరికి జరిగాయి. రూతమ్మ పడుకున్న చోట దారి తిన్ననైంది.