రంగు చాలని వేలు

మధ్యాహ్నం భోజనాల వేళ దాటాక వార్డు కాస్త సద్దుమణుగుతుంది. డాక్టర్లు వచ్చి వెళ్లిపోయి ఉంటారు, మందుల బండి ఇంకా రాదు. ఫ్యాన్ల చప్పుడు, ఎవరిదో సన్నని గురక. బయట వాన పట్టింది. కిటికీల్లోంచి వచ్చే వెలుతురు గిన్నెలు కడిగిన నీళ్ల రంగులో ఉంది. ఆ వెలుతురులో తల్లి మంచం చివర ముడుచుకుని కూర్చుని కూతురి ఎడమ కాలి గోళ్లకు రంగు వేస్తోంది.

"ఎందుకే ఇప్పుడీ సోకు?" అంది, వేస్తూనే.

"పోయేదైతే ముస్తాబై పోనీ అమ్మా. ఉండేదైతే డాక్టరు మెచ్చుకుంటాడు."

ఇంట్లో అయితే ఈ మాటకు వీపు మీద ఒకటి పడేది. ఇక్కడ తల్లి మరో వేలికి కుంచె ఆనించింది. ఎర్ర రంగు, సీసాలో అడుగంటింది. బొటనవేలు అయింది, దాని పక్కది, ఆ పక్కది, ఆ పైది. చిటికెన వేలికి వచ్చేసరికి కుంచె పొడిగా ఒక గీత గీసింది, అంతే.

"అయిపోయింది."

"దానికి లేదా పాపం? ఎప్పుడూ చిన్నదానికే అన్యాయం," అంది ఇంట్లోకల్లా చిన్నదైన కూతురు.

కూతురు పనిచేసే బట్టల షాపులో షట్టరు జారి పడింది. దాని అంచు మోకాలి కింద అడ్డంగా దిగింది. కుట్లు వేశారు, కుట్ల దగ్గర చీము పట్టింది, చుట్టూ నల్లబడింది. చుట్టాలు వచ్చి, ముక్కుకు కొంగు అడ్డం పెట్టుకుని చూసి, పళ్లు పెట్టి వెళ్లారు. డాక్టరు చివరికి రెండే దారులన్నాడు. మోకాలి కింద నుంచి తీసేయడం, లేకపోతే పురుగులు.

"చచ్చిన కండనే తింటాయమ్మా. బతికున్నదాన్ని ముట్టవు, చచ్చినదాన్ని వదలవు. ఏది ఏదో మనకంటే వాటికే బాగా తెలుసు."

పురుగులు పడి పోతావు అన్న తిట్టును తల్లి పగవాళ్ల మీద కూడా నోరు జారనిచ్చేది కాదు. ఇప్పుడు సంతకం పెట్టి మరీ కన్నబిడ్డ కాలికి కట్టించుకుంది. బియ్యపు నూకంత ఉన్నాయి, తెల్లగా. సన్నని వల సంచిలో వేసి, పుండు మీద పరిచి, చుట్టూ అంచులు అంటించారు. ఆ అంచులు ఊడకుండా చూసుకోవడం తల్లి పని. "అవి బయటికొచ్చాయంటే వైద్యం ఆపేస్తాం," అని వార్డు సిస్టరు ముందే చెప్పింది. ఆపితే ఏమవుతుందో చెప్పలేదు. చెప్పక్కర్లేదు కూడా.

తల్లి సీసా మూత బిగిస్తుండగానే ఆ సిస్టరు మంచం దగ్గర ఆగింది.

"ఇదేంటమ్మా?"

ఆవిడ చెప్పు కొన దగ్గర, నేల మీద, బలిసిన పురుగొకటి మెలికలు తిరుగుతోంది. పక్క మంచాల వాళ్లు కాళ్లు పైకి లాక్కున్నారు.

"మావి కావు సిస్టర్. మావి నూకంతే ఉన్నాయి. అంచులు చూడండి, ఎక్కడా ఊడలేదు."

"వార్డు మొత్తానికి పురుగులున్నది మీ దగ్గరే. మీవి కాకపోతే పైనుంచి ఊడిపడిందా?"

"అటు బాత్రూముల వైపు నుంచేమో..."

"అవునమ్మా, మీరు వచ్చేదాకా ఆగి వచ్చింది. డాక్టరుగారికి చెప్తాను. సాయంత్రం సంచి తీసేస్తారు. రేపు పొద్దున థియేటరే."

ఆవిడ వెళ్లిపోయింది. కూతురు కళ్లు మూసుకునే తల్లి కొంగు పట్టుకుంది.

"పోనీలే అమ్మా. ఒంటికాలితోనైనా గల్లాపెట్టె దగ్గర కూర్చోవచ్చు. ఎవరూ నిలబడమనరు."

"నోర్మూసుకుని పడుకో," అంది తల్లి. కొంగు విడిపించుకుని లేచింది.

గోడ వారన ఇంకొకటి కనబడింది. దానికి కాస్త ఎడంగా మరొకటి. అన్నీ ఒకే దిక్కు నుంచి, ఒకే దిక్కుకు... వార్డు వైపే పాకుతున్నాయి. తల్లి వాటికి ఎదురు నడిచింది. బాత్రూములు దాటాక ఒక ఇరుకు నడవా ఉంది. అక్కడ బల్బు లేదు. ఫినాయిలు వాసన పలచబడి, దాని కింద నుంచి మరో వాసన లేచింది. తియ్యగా, ముగ్గిన పండు చితికినట్టు. చివర ఓ తలుపు ఓరగా తీసి ఉంది.

లోపల తడిగుడ్డల బకెట్లు, వాటి వెనక ఆపరేషన్ల చెత్త వేసే పసుపు డబ్బాలు. ఒకదాని మూత సరిగా పడలేదు, అంత నిండిపోయింది. ఎత్తాల్సినవాళ్లు ఎత్తలేదు. ఎత్తించాల్సినవాళ్లు చూడలేదు. నింద మాత్రం నడుచుకుంటూ మంచం దగ్గరికి వచ్చింది.

దొరికింది, అనుకుంది తల్లి. ఆ క్షణంలో ఆమెకు సంతోషమే కలిగింది. సిస్టరును చెయ్యి పట్టుకుని లాక్కొచ్చి చూపించాలి. సరిగ్గా చూద్దామని వంగింది.

డబ్బాలోని పసుపు సంచి ఒక పక్క చిరిగి ఉంది. చిరుగులోంచి పురుగులు... వాటి నడుమ కాలివేళ్లు.

ఎర్రగా ఉన్నాయి.

బొటనవేలు... దాని పక్కది... ఆ పక్కది... ఆ పైది.

చిటికెన వేలికి రంగు లేదు. పొడి కుంచె గీసిన గీత ఉంది.

తల్లి చెయ్యి దానంతటదే ముందుకు వెళ్లింది. బొటనవేలి గోటిని తాకింది. రంగు ఇంకా ఆరలేదు. ఆమె వేలికి ఎర్రగా అంటింది.

సంచి కొద్దిగా జారింది. మోకాలి కింద అడ్డంగా... షట్టరు అంచు దిగిన గాటు.

"ఏంటమ్మా, ఇక్కడున్నారు?"

వెనకాల చెత్త బండి. మోచేతుల దాకా రబ్బరు తొడుగులు వేసుకున్న మనిషి. ఆమె ముఖం చూశాడు, సంచి చూశాడు. గొంతు తగ్గించాడు.

"మీవాళ్లదా?"

ఆమె వేలికంటిన ఎరుపును కొంగుకు తుడుచుకుంది.

"మీవాళ్లదైతే చెప్పండి. కొందరు అడిగి తీసుకుంటారు, పూడ్చుకోడానికి. కాదంటే పొయ్యిలో వేసేస్తాం."

మాదే అంటే... అక్కడ మంచం మీద, దుప్పటి కింద ఉన్నది ఏమిటి? మాదే అంటే కాలు పోయినట్టే. ఈ నోటితో ఒప్పుకున్నట్టే. కాదంటే కాలు అక్కడే ఉంది. ఇప్పుడే కదా రంగు వేసింది.

"మాది కాదు," అంది.

"అందరూ అదే అంటారమ్మా," అన్నాడతను. తప్పు పట్టినట్టు కాదు, అలవాటైనట్టు. సంచి ఎత్తి బండిలో వేసుకుని వెళ్లాడు.

తల్లి తీసుకొచ్చి ఆ గది చూపించాక సిస్టరు డబ్బాలు ఎత్తించింది. నేల మీద మందు చల్లించింది. "సరే, సంచి ఉంచుతార్లెండి," అంది, తనేదో దయ తలచినట్టు.

తల్లి మంచం దగ్గర కూర్చుంది. దుప్పటి తీయలేదు. పైనుంచే తడిమింది. మోకాలు ఉంది. పిక్క ఉంది. పాదం ఉంది. చల్లగా లేదు. వెచ్చగానూ లేదు.

వాన తెరిపిచ్చింది. ఆస్పత్రి వెనక గొట్టంలోంచి పొగ లేచింది, చిక్కగా, నల్లగా. కూతురు నిద్రలో మూలిగింది.

"అమ్మా... మంట."

"ఎక్కడే?"

"కాలు..."

తల్లి దుప్పటి మీద చెయ్యి వేసి నొక్కింది. "ఇక్కడేగా ఉంది. నేను పట్టుకున్నాగా."

"ఇది కాదమ్మా," అంది కూతురు కళ్లు తెరవకుండానే.

వల సంచి విప్పిన రోజు డాక్టరు దగ్గరికి వంగి చూశాడు. పురుగులు కట్టిన నాడెంత ఉన్నాయో అంతే ఉన్నాయి, నూకంత. కండకు వీలైనంత దూరంగా, వల అంచున ఒకదాని మీద ఒకటి ఎక్కి, ముద్దగా ఉన్నాయి.

"ఇవి ఏమీ తినలేదే," అన్నాడు, తనలో తను.

వాటి కింద నలుపు లేదు, చీము లేదు. గులాబి రంగు చర్మం, నున్నగా.

"మంచిదేగా సార్," అంది సిస్టరు.

మంచిదే. మంచి జరిగినప్పుడు ఆస్పత్రిలో ఎవరూ ఎందుకని అడగరు. బతికున్నదాన్ని ముట్టవు, చచ్చినదాన్ని వదలవు అన్నాడు డాక్టరు. రెండూ కానిదాన్ని చూసి ఎందుకలా ముడుచుకుంటాయో తల్లి కూడా అడగలేదు. అడిగితే సమాధానం వస్తుందేమోనని.

దుప్పటి పూర్తిగా తీసింది అప్పుడే. ఐదు గోళ్లూ ఎర్రగా ఉన్నాయి.

"చిటికెన వేలికి ఎప్పుడు వేసుకున్నావే?"

"నువ్వేగా వేశావు."

"సీసా అయిపోయింది కదా. చిన్నదానికి అన్యాయం అన్నావు."

కూతురు ఆమెను వింతగా చూసింది. "నేనెప్పుడన్నాను?"

ఇంటికొచ్చారు. కూతురు నడుస్తోంది, కుంటు కూడా లేదు. షాపుకు వెళ్తోంది. చూసినవాళ్లంతా, అంతా తల్లి చలవ అంటున్నారు. తల్లి తలూపుతుంది.

సెలవు రోజున కూతురి కాళ్లు ఒళ్లో పెట్టుకుని గోళ్లు తీస్తుంది. కుడి కాలివి ప్రతిసారీ పెరిగి ఉంటాయి. ఎడమ కాలి వైపు కత్తెర తిప్పాల్సిన పని ఇంతవరకూ పడలేదు. ఎరుపు మొదట్లో ఎక్కడిదాకా ఉందో ఇప్పటికీ అక్కడిదాకానే ఉంది.

నిన్న, కూతురు నిద్రపోయాక, చిటికెన వేలి గోటిని మెల్లగా తాకి చూసింది.

వేలికి ఎర్రగా అంటింది.