పాట కింద పేరు

అన్యాయం జరిగింది ఎవరికి? ఐల్సా రెన్నీకి. ఎలా జరిగింది? ఆమె అన్నతో కలిసి కట్టిన ఆరు పాటల కింద ముప్పై ఏళ్లుగా అన్న ఫెర్గస్ పేరు ఒక్కటే అచ్చవుతూ వచ్చింది.

గ్లాస్గోలో ఆ మంగళవారం మామూలుగానే తెల్లవారింది. ఎనభై మూడేళ్ల తల్లి ఇసొబెల్ టోస్టుకు వెన్న రాస్తోంది. ఐల్సా టీ వంచుతోంది. అన్న బృందంతో మొదలుపెట్టి నాలుగు ఆల్టర్నేటివ్ రాక్ బృందాల్లో ఆమె బేస్ గిటార్ వాయించింది. ఒకటి విడిపోయినప్పుడల్లా గిటారు భుజాన వేసుకుని మరొకదానిలోకి నడిచింది. నొచ్చుకోవడం ఏనాడో మానేసింది. మనసులో ఆ చోటు మొద్దుబారిపోయింది.

ఫెర్గస్ కాగితాలతో వచ్చాడు. ఆ ఆరు పాటలున్న తమ మొదటి ఆల్బమ్ మళ్లీ విడుదలవుతోంది.

"ఇక్కడ సంతకం పెట్టు చెల్లీ. నీ ఫోటోలు వాడుకోవడానికి."

"పాటలు ఎవరివని రాశావు?"

"ఎప్పటిలాగే, నావని. పాడినవాడిదే పాట, అది మన బృందాల ఆచారం. రిహార్సల్లో వాయించిన ప్రతివాళ్ల పేరూ వేస్తే డ్రమ్ము కర్రల పేరు కూడా వెయ్యాలి."

"వెయ్యి. నీకన్నా అవే నయం, ఏనాడూ తాళం తప్పలేదు."

ఆమె గొంతులో కోపం లేదు. ఉండి ఉంటే ఫెర్గస్‌కు తేలికయ్యేది.

ఇసొబెల్ కత్తి పక్కన పెట్టింది. "ఒరే, ఆ మొదటి పాట ఓసారి అను."

"ఇప్పుడా అమ్మా? నోట్లో టోస్టుందే!"

"మింగి పాడు."

ఫెర్గస్ నోరు తెరిచాడు. వచ్చినది తాను రాసిన మాట కాదు. ఐల్సా బేస్ మీద కట్టిన ఎత్తుగడ బాణీ. దానిని పట్టుకోకుండా ఆ పాటలోకి దిగే దారి అతనికే తెలియదు. రెండో చుట్టు మధ్యలో ఆగిపోయాడు.

"నువ్వు ఒక్క మాట రాయకముందే మూడు వారాలు అది ఈ వంటింట్లో మోగింది," అంది తల్లి. "ఇస్త్రీ చేస్తూ విన్నాను. మిగతా అయిదూ అంతే." ఆమె కూతురి వైపు తిరిగింది. "వాడు సంసారి, వాడికి పేరు కావాలి, నువ్వు సర్దుకో అని నీ నోరు మూయించింది నేనే తల్లీ. వాడి తప్పుకన్నా నాదే పెద్దది."

ఐల్సాకు ఏడుపు రావలసింది. రాలేదు.

"మొదటి పాటకి నీ పేరు చేరుస్తాను," అన్నాడు ఫెర్గస్ మెల్లగా.

"ఆరింటికీ, అన్నయ్యా. ఆరింటికీ కాకపోతే ఒక్కదానికీ వద్దు."

అతను కలం తీశాడు. ప్రతి పాట కింద, తన పేరుకు ముందు, ఆమె పేరు రాశాడు. ఆరోది రాసేసరికి అతని కళ్ల నీళ్లు కాగితం మీద పడ్డాయి. తల్లి కుర్చీ దగ్గరకు జరుపుకుని, ఒక్కొక్క పేరూ వేలు పెట్టి చదివింది.

"ఇంకేమైనా బాకీ ఉన్నానా?" అని అడిగాడు ఫెర్గస్.

"లేవు. తీరిపోయింది," అని ఐల్సా సంతకం పెట్టింది.